ఎమ్మెల్యే సీటు ఎందుకు? తరిమెల నాగిరెడ్డిని అడుగుదాం

పోయిన నెల మండల కమిటీ సమావేశం ముగిసి అందరూ లేస్తుండగా మన సంఘం కుర్రవాడొకడు నన్ను పక్కకు పిలిచాడు. ఇంకా ముప్పై నిండలేదు. డిగ్రీ చదివి కూడా ఊరు విడిచిపోలేదు. నాలుగెకరాలు సొంతం, ఆరెకరాలు కౌలు. అంతా శెనక్కాయ, మధ్యలో కంది సాళ్లు. "అన్నా, వచ్చే ఎలక్షన్లో నేను ఎమ్మెల్యేకి నిలబడితే సంఘం నా వెనక ఉంటుందా?" అని అడిగాడు.

"గెలిస్తే ఏం చేస్తావ్?" అన్నాను.

"రైతుకు మంచి చేస్తానన్నా."

"ఏం మంచి?"

వాడు నా మొహం చూసి ఊరకున్నాడు. నేను నవ్వాను. బండి మీద ఇంటికి పోతుంటే ఆ నవ్వు పోయింది. ముప్పై ఏళ్లుగా ధర్నాలు చేస్తున్నా. ఎమ్మెల్యేలకు ఎన్ని అర్జీలు ఇచ్చానో లెక్క లేదు. సభలో కూర్చున్న మనిషి రైతు కోసం ఏం చేయగలడు, ఏం చేయలేడు అని వాడు నన్నే తిరిగి అడిగి ఉంటే నేనూ నీళ్లు నమిలేవాణ్ణే.

జులై 28 తరిమెల నాగిరెడ్డి గారి వర్ధంతి. ప్రతి ఏడూ ఈ పేజీలో ఆయన ఫొటో వేసి, త్యాగం, నిరాడంబరత అని నాలుగు మంచి మాటలు రాసి చేతులు దులుపుకుంటాం. ఈసారి ఆ కుర్రవాడి ప్రశ్నను తీసుకుపోయి ఆయన ముందే పెడదామనిపించింది. ముప్పై ఐదేళ్లకు శాసనసభలో ప్రతిపక్ష నాయకుడైన మనిషి, యాభై రెండో ఏట శాసనసభ్యత్వాన్నే వద్దనుకుని బయటికి నడిచాడు. ఆ సీటుతో ఏమవుతుందో, ఏం కాదో లోపలి నుంచి చూసినవాడు.

మన సంఘంలో అన్ని పార్టీలవాళ్లూ ఉన్నారు. ఆయన చివరికి పట్టిన దారి అందరికీ నచ్చాలని లేదు. నాకూ కొన్ని చోట్ల మింగుడు పడదు, ఆ సంగతి కిందకు వస్తుంది.

నాగిరెడ్డి గారు 1917 ఫిబ్రవరి 11న తరిమెలలో పుట్టారు. ఇప్పుడది శింగనమల మండలం. పుట్టింది గుడిసెలో కాదు, పెద్ద భూస్వామి ఇంట్లో. మదనపల్లె దగ్గర రిషివ్యాలీ బడిలో చదివారు, తర్వాత మద్రాసు లయోలా కాలేజీ, ఆ తర్వాత కాశీ హిందూ విశ్వవిద్యాలయం. ఆ రోజుల్లో మన జిల్లాలో ఐదో తరగతి చదివినవాడికే ఊరంతా లేచి నిలబడేది. ఆ చదువుకు ఆయన కలెక్టరు కావచ్చు, పెద్ద వకీలు కావచ్చు, ఏమీ వద్దనుకుంటే ఇంటికొచ్చి పంచెకట్టుతో అరుగు మీద కూర్చుని పెత్తనం చెయ్యొచ్చు. కాశీలోనే కమ్యూనిస్టు అయి వచ్చారు. 1940లో యుద్ధం జనం బతుకుల మీద వేసే భారం గురించి చిన్న పుస్తకం రాసినందుకు తెల్లవాళ్లు జైల్లో పెట్టారు. స్వాతంత్ర్యానికి కొంచెం ముందు ప్రకాశం ఆర్డినెన్సు కింద మనవాళ్లే ఇంకోసారి పెట్టారు. వాటాకు వచ్చిన భూమిని వదులుకున్నారు. భూమి ఉన్నవాడు భూమి వదలడం అంటే ఏమిటో మనకు ఎవరూ చెప్పక్కర్లేదు. గట్టు దగ్గర జానెడు కోసం అన్నదమ్ములు కోర్టుకెక్కే ఊళ్లు మనవి.

ఇక 1952 ఎన్నిక. దీని గురించి కొంచెం ఎక్కువ రాస్తాను, ఎందుకంటే మా ఇంట్లో ఇది కథలాగా చెప్పుకునేవాళ్లు.

అనంతపురం నుంచి మద్రాసు శాసనసభకు నాగిరెడ్డి గారు నిలబడ్డారు. ఎదురు నిలబడింది నీలం సంజీవరెడ్డి గారు. ఆంధ్ర ప్రాంత కాంగ్రెసుకు అధ్యక్షుడు, అంతకు ముందే మద్రాసులో మంత్రిగా చేసినవాడు. నాగిరెడ్డి గారికి స్వయానా బావ. ఒకే కులం, ఇచ్చిపుచ్చుకున్న కుటుంబాలు, పక్కపక్క పల్లెలు. ఇల్లూరు, తరిమెల రెండూ అనంతపురానికి అంత దూరమేమీ కావు.

ఇప్పుడు మన ఊళ్లలో ఓటు ఎలా పడుతుందో మనకు తెలుసు. మనోడా, కాదా. ఏ ఇంటి వాడు, ఎవరికి చుట్టం. ఆ లెక్కలన్నీ 1952లో అనంతపురంలో పని చేయలేదు. ఇటు చూసినా అదే కులం, అటు చూసినా అదే చుట్టరికం. కులం చూసి వేయాలన్నా వేయడానికి వీల్లేని ఎన్నిక అది. చివరికి మిగిలింది ఒక్కటే ప్రశ్న: వీళ్లిద్దరిలో ఎవరు ఎవరి పక్షం?

అప్పుడు ఇప్పటిలాగా మీట నొక్కడం లేదు, ఓటు కాగితం మీద ముద్ర వేయడం కూడా లేదు. ఒక్కో అభ్యర్థికి ఒక్కో పెట్టె, దాని మీద గుర్తు. కాంగ్రెసుది కాడెద్దులు, కమ్యూనిస్టులది కంకి కొడవలి. నచ్చిన పెట్టెలో కాగితం వేసి రావడమే. మా జేజినాయన, అంటే మా నాయన వాళ్ల నాయన, ఊరి పెద్దకు అప్పున్నాడు. ఎద్దుల పెట్టెలో వేయమని ఆ పెద్ద ముందురోజే చెప్పి పంపించాడట. జేజినాయన తెర లోపలికి పోయాడు. ఎద్దుల బొమ్మ చూసి దండం పెట్టుకున్నాడు, ఏం చేస్తాడు, సేద్యగాడు కదా. దండం పెట్టుకుని కాగితం తీసుకుపోయి కంకి పెట్టెలో వేశాడు. బయటికొచ్చాక ఆ పెద్ద మనిషి అడిగితే, "ఎద్దులకు మొక్కే వచ్చినా స్వామీ" అన్నాడట. అబద్ధం ఆడలేదు.

నాగిరెడ్డి గారు గెలిచారు. ఆ ఏడు మద్రాసు సభలో 375 స్థానాలు. కాంగ్రెసుకు 152 వచ్చాయి, మెజారిటీ లేదు. ఆంధ్ర జిల్లాల్లో అయితే కమ్యూనిస్టులకు 41. ఎన్నికల్లో పోటీయే చేయని రాజాజీని శాసనమండలికి నామినేట్ చేసి ముఖ్యమంత్రిని చేశారు. ఆయనకు ఎదురుగా ప్రతిపక్ష నాయకుడి స్థానంలో కూర్చున్నది మన తరిమెల మనిషి. ఒకరికి డెబ్బై దాటాయి, ఒకరికి ముప్పై ఐదు.

ఆ ఏడాదే మన జిల్లాలో గంజి కరువు. ఇప్పటికీ మా అవ్వల తరం ఆ పేరుతోనే పిలుస్తుంది. సర్కారు గంజి కేంద్రాలు తెరిస్తే జనం ముంతలు పట్టుకుని వరసలో కూర్చున్నారు. కరువు జిల్లా నుంచి పోయిన సభ్యుడు సభలో చేయగలిగింది ఏమిటి? వాన కురిపించలేడు. కానీ గంజి కేంద్రం ఎన్నాళ్లు నడుస్తుంది, బావులు లోతు చేయడానికి డబ్బు ఎంత, శిస్తు మాఫీనా వాయిదానా, ఇవన్నీ సభలో అడిగితే మంత్రి లేచి జవాబు చెప్పి తీరాలి, ఆ జవాబు రికార్డుకెక్కి తీరాలి. మన జిల్లాకు వాన తక్కువే, సగటున 550 మిల్లీమీటర్ల దగ్గర. అది ఎవరి తప్పూ కాదు. వాన తక్కువ పడినప్పుడల్లా జనం గంజి ముంత పట్టుకోవాల్సి రావడం మాత్రం పాలకుల తప్పే. ఈ రెంటికీ ఉన్న తేడాను సభలో నిలబెట్టి అడగడానికి ఒక మనిషి కావాలి.

ఇంకో సంగతి కూడా ఆ ఏడాదిదే. తంజావూరులో కౌలుదార్లు, పాలేర్లు భూస్వాముల మీద తిరగబడ్డారు. పొలాల్లో కమ్యూనిస్టు సంఘాలు గట్టిగా పని చేస్తున్నాయి, సభలో కమ్యూనిస్టులే ప్రధాన ప్రతిపక్షం. 1952 ఆగస్టులో రాజాజీ ప్రభుత్వం తంజావూరు కౌలుదార్ల, పన్నైయాళ్ల రక్షణ ఆర్డినెన్సు తెచ్చింది. పన్నైయాళ్లు అంటే మన పాలేర్లు. కౌలుదారును ఇష్టమొచ్చినట్టు తొలగించకూడదని, పంటలో అతనికి ఐదింట రెండు వంతులైనా ఇవ్వాలని అందులో పెట్టారు. కమ్యూనిస్టులంటే గిట్టని రాజాజీ చేతనే ఆ కాగితం రాయించింది ఏమిటి? ఒక్క సభ కాదు, ఒక్క పొలం కాదు. బయట కొడవలి పట్టుకున్నవాడు, లోపల గొంతు ఉన్నవాడు ఒకే మాట మీద ఉండడం. నేను ఆ కుర్రవాడికి చెప్పాల్సిన మొదటి సంగతి ఇదే.

తర్వాత కాలం గబగబా చెప్పేస్తాను. 1953 అక్టోబరు 1న కర్నూలు రాజధానిగా ఆంధ్ర రాష్ట్రం వచ్చింది. ప్రకాశం ప్రభుత్వం ఏడాదికే ఒక్క ఓటు తేడాతో పడిపోయింది. 1955 ఎన్నికల్లో కమ్యూనిస్టులకు 31 శాతం దాకా ఓట్లు, సీట్లు 15. అవును, 196 స్థానాల్లో పదిహేనే. ఓట్లకూ సీట్లకూ ఉన్న ఈ తేడా చూసి అప్పటి కార్యకర్తలు ఎంత కుంగిపోయారో మా నాయన చెప్పేవాడు. 1957లో నాగిరెడ్డి గారు అనంతపురం నుంచి లోక్‌సభకు వెళ్లారు. 1962లో పుట్లూరు నుంచి, 1967లో మళ్లీ అనంతపురం నుంచి శాసనసభకు వచ్చారు. మధ్యలో పార్టీ చీలింది, ఆయన మార్క్సిస్టు పార్టీ వైపు ఉన్నారు. ఓడిపోయిన ఆ బావ 1956లో ఆంధ్రప్రదేశ్ మొదటి ముఖ్యమంత్రి అయ్యారు, 1977లో రాష్ట్రపతి అయ్యారు. బామ్మర్ది పేరు మీద మాత్రం కేసులు పెరిగాయి.

భూమి సంగతికి వద్దాం, మనకు అదే ముఖ్యం. 1961లో రాష్ట్రంలో మొదటి భూ పరిమితి చట్టం చేశారు. ఒక మనిషి దగ్గర ఎంత ఉండొచ్చని దాంట్లో ఉందో తెలుసా? భూమి రకాన్ని బట్టి 27 ఎకరాల నుంచి 324 ఎకరాల దాకా. మెట్ట భూమి అయితే మూడు వందల ఎకరాలు దాటినా ముట్టుకోరు. మన అనంతపురం అంతా మెట్టే. అంటే మన జిల్లా వరకు అది భూ పరిమితి చట్టం కాదు, భూ రక్షణ చట్టం. ఎవరి భూమికి రక్షణో చెప్పక్కర్లేదు. సభలో కూర్చున్నవాళ్లలో ఎక్కువమంది తమ పట్టా పాసుపుస్తకం ముందు పెట్టుకుని కొలత తీసినట్టుంటుంది ఆ చట్టం చదివితే. నాగిరెడ్డి గారి ప్రత్యేకత ఇక్కడుంది. ఆ సభల్లో భూస్వాముల బిడ్డలు కొల్లలు. తన ఇంటి భూమికి కూడా హద్దు పెట్టమని అడిగే భూస్వామి బిడ్డలు వేళ్ల మీద లెక్కపెట్టగలిగినంత మందే.

1967 నాటికి ఆయన పార్టీకి సభలో 9 స్థానాలు. తొమ్మిది మందితో ఏ బిల్లూ ఆపలేరు. అదే ఏడాది అక్టోబరు 31న శ్రీకాకుళం ఏజెన్సీలో లేవిడి దగ్గర ఇద్దరు గిరిజనులను భూస్వాముల మనుషులు కాల్చి చంపారు. గిరిజన భూముల్ని కాపాడే చట్టం 1959 నుంచే ఉంది. భూములు పోతూనే ఉన్నాయి. సభలో చట్టం, బయట తుపాకి. 1968లో ఆంధ్రలో మార్క్సిస్టు పార్టీ మళ్లీ చీలింది, నాగిరెడ్డి, దేవులపల్లి వెంకటేశ్వరరావు, చండ్ర పుల్లారెడ్డి, కొల్లా వెంకయ్య గార్లు బయటికి వచ్చారు. 1969 మార్చిలో ఆయన శాసనసభలో లేచి, ఈ సభ జనం సమస్యలు తీర్చలేదని, తాను జనంలోకే పోతున్నానని చెప్పి రాజీనామా ఇచ్చారు.

జీతం, ఊళ్లో మర్యాద, అన్నీ అక్కడే వదిలేశారు. పార్టీ మారడానికి రాజీనామా చేసేవాళ్లను మనం చాలామందిని చూశాం. పొద్దున రాజీనామా, మాపటికి ఇంకో కండువా. నాగిరెడ్డి గారు కండువా మార్చుకోలేదు, వేరే సీటు అడగలేదు. ఆ ఏడు డిసెంబరులో మద్రాసులో అరెస్టయ్యారు. హైదరాబాదు కుట్ర కేసు పెట్టారు. ఆ కేసులో కోర్టుకు ఇవ్వడానికి జైల్లో రాసుకున్న వాంగ్మూలమే తర్వాత 'తాకట్టులో భారతదేశం' పుస్తకం అయింది. విదేశీ పెట్టుబడి, విదేశీ అప్పులు మన వ్యవసాయాన్ని, పరిశ్రమల్ని ఎలా పట్టుకున్నాయో లెక్కలతో సహా రాశారు. లావు పుస్తకం. పదో తరగతి చదివిన నేను దాన్ని పూర్తి చేయడానికి రెండు ఎండాకాలాలు పట్టింది, కొన్ని పేజీలు ఇప్పటికీ సగమే అర్థమయ్యాయి. కానీ సభ్యుడుగా ఉన్నప్పుడు ఆయన ఎంత చదివి సభకు పోయేవారో ఆ పుస్తకం చూస్తే తెలుస్తుంది. ఎమర్జెన్సీలో అజ్ఞాతంలో ఉండగానే జబ్బు చేసి 1976 జులై 28న హైదరాబాదులో పోయారు. యాభై తొమ్మిదేళ్లు. నాకు ఇంకో మూడేళ్లకు ఆ వయసు వస్తుంది.

ఇప్పుడు నాకు మింగుడు పడని సంగతి.

ఆయన రాజీనామా తర్వాత ఏడాది కూడా కాకుండానే, 1970లో గిరిజన భూముల చట్టాన్ని సవరించి గట్టి చేశారు. మనం 1/70 అని పిలిచే చట్టం అదే. ఏజెన్సీలో గిరిజనేతరుడి చేతిలో ఉన్న భూమి గిరిజనుడి నుంచి వచ్చినట్టే భావించాలి, కాదని రుజువు చేసుకునే బాధ్యత పట్టుకున్నవాడిదే అన్నది దాని ప్రాణం. 1973లో రెండో భూ పరిమితి చట్టం వచ్చింది. మాగాణి 10 నుంచి 27 ఎకరాలు, మెట్ట 35 నుంచి 54. పాత 324తో పోల్చి చూడండి. అప్పుడు సభలో ఈ చట్టాల కోసం గొంతు చించుకునే ప్రతిపక్షం పెద్దగా లేదు. అయినా వచ్చాయి. కొండల్లో, పల్లెల్లో జనం కదిలినందుకే వచ్చాయి. అంటే నాగిరెడ్డి గారు చెప్పిందే నిజమైంది, చట్టాన్ని రాయించేది బయటి కదలికే.

కానీ ఆ కథ అక్కడ ఆగలేదు. 1973 చట్టం 1975 జనవరి 1 నుంచి అమలుకు వచ్చింది. ఈలోపు ఏం జరిగిందో మన ఊళ్లలో పెద్దల్ని అడగండి. కొడుకుల పేర, కోడళ్ల పేర, పాలేర్ల పేర, చివరికి ఎద్దుల కొట్టంలో పుట్టిన దూడకు పేరు పెట్టి దాని పేర కూడా రాశారని జనం ఎగతాళి చేసేవాళ్లు. మేజరు కొడుకుల లెక్క వేరే, తోటల లెక్క వేరే. ఆ సందులు చట్టంలో మాటల మధ్యనే ఉన్నాయి. ఆ మాటలు సభలో, కమిటీ గదుల్లో, అర్ధరాత్రి సవరణల్లో పడతాయి. అక్కడ ప్రతి మాటనూ పట్టుకుని "ఇదెందుకు పెట్టారు, ఎవరి కోసం పెట్టారు" అని అడగడానికి నాగిరెడ్డి లాంటి మనిషి ఆ రోజు లోపల ఉండాల్సింది. చట్టం రాయించే బలం బయట ఉంది, సరే. రాసేటప్పుడు పక్కన కూర్చుని వేలు పెట్టి చూపించేవాడు లేకపోతే, మనం రక్తం కార్చి తెచ్చుకున్న చట్టం మన చేతికి వచ్చేసరికి చిల్లుల కుండ అవుతుంది.

ఈ మాట పాత కార్యకర్త ఒకాయనతో అంటే, నా మీద కోప్పడ్డాడు. "తొమ్మిది మంది ఎన్ని చిల్లులు పూడుస్తారప్పా?" అన్నాడు. నిజమే. నేను జవాబు చెప్పలేదు. ఇప్పుడూ పూర్తి జవాబు లేదు. కానీ కౌలు చట్టం చూసినప్పుడల్లా ఆ వాదన నాకు మళ్లీ గుర్తొస్తుంది.

2011లో కౌలు రైతుకు గుర్తింపు కార్డు ఇచ్చే చట్టం వచ్చింది. దాంట్లో భూ యజమాని సంతకం తప్పనిసరి కాదు. 2019లో దాని స్థానంలో పంట సాగుదారుల హక్కుల చట్టం వచ్చింది. పదకొండు నెలల ఒప్పందం, దాని మీద యజమాని సంతకం. ఆ ఒక్క సంతకం ఎంత బరువో మనలో కౌలు చేసే ప్రతివాడికీ తెలుసు. యజమాని హైదరాబాదులోనో బెంగళూరులోనో ఉంటాడు. ఫోను ఎత్తడు. ఎత్తితే, "కాగితాలెందుకప్పా, నోటి మాట చాలదా" అంటాడు. గట్టిగా అడిగితే వచ్చే ఏడు పొలం ఇంకొకడికి. కార్డు లేకపోతే బ్యాంకు అప్పు లేదు. బీమా, పెట్టుబడి సాయం, పంట నష్టం అన్నీ పట్టా ఉన్నవాడి ఖాతాకే పోతాయి. ఎండకు ఎండేది ఒకడు, డబ్బు పడేది ఇంకొకడికి. సంతకం అనే ఆ ఒక్క మాట చట్టంలో పడిన రోజు మన నియోజకవర్గం సభ్యుడు సభలో ఒక్క ప్రశ్న వేసినట్టు నాకు గుర్తు లేదు. మనమైనా అడిగామా? లేదు. మనం ఆ నెలలో ఆయన దగ్గరికి ట్రాన్స్‌ఫార్మర్ కోసం పోయాం. ఇచ్చాడు. శాలువా కప్పి వచ్చాం. ఆ శాలువా కప్పిన ఫొటోలో నేనూ ఉన్నాను.

తప్పు మనదీ ఉంది. ఎమ్మెల్యే అంటే మనకు ఆసుపత్రికి సిఫారసు ఉత్తరం, స్టేషనుకు ఫోను, బోరుకు కరెంటు. ఇవి అధికారులు చేయాల్సిన పనులు. శాసనసభ్యుడి అసలు పని ఆ పేరులోనే ఉంది. బడ్జెట్లో వ్యవసాయ పద్దు మీద కోత తీర్మానం పెట్టొచ్చు, ప్రశ్నోత్తరాల్లో మంత్రిని నిలదీయొచ్చు, బిల్లుకు సవరణ ప్రతిపాదించొచ్చు, సొంతంగా ప్రైవేటు బిల్లు తేవొచ్చు. ఓడిపోయినా సరే, డివిజన్ అడిగి ఓటింగ్ జరిపిస్తే ఎవరు ఏ పక్కన ఓటేశారో రికార్డులో ఉంటుంది. ఆ రికార్డును ఊళ్లోకి తెచ్చి చదివి వినిపించే సంఘం ఉంటే ఓడిన సవరణ కూడా ఊరికే పోదు.

ఇక మన కుర్రవాడి సంగతి. వాణ్ణి మళ్లీ పిలిచి మాట్లాడాను. మొదట డబ్బు లెక్క చెప్పాను. అసెంబ్లీ అభ్యర్థి ఖర్చు పెట్టడానికి చట్టం ఒప్పుకునేది 40 లక్షలు. బయట అయ్యే ఖర్చు దాని ముందు ఎంత రెట్లో మీకు తెలుసు. ఆ చట్టం లెక్కే వాడి పదెకరాల మీద ఎన్నేళ్ల శెనక్కాయో మీరే వేసుకోండి, అదీ వానలు పడితే. ఆ డబ్బు ఎవడో ఒకడు పెడితే, గెలిచాక సభలో వాడి ప్రశ్నలే అడగాల్సి వస్తుంది. కాబట్టి నిలబడితే మన చందాతోనే, మనం మోయగలిగినంతలోనే నిలబడాలి. ఓడిపోవడానికి సిద్ధపడి నిలబడాలి.

"నాగిరెడ్డి గారికి ఆ రోజుల్లో డబ్బు అక్కర్లేదు కదన్నా, భూస్వామి బిడ్డ" అన్నాడు వాడు. మంచి మాటే అన్నాడు. దానికి నేను చెప్పింది ఇది. ఆయనకు ఉన్న ఆస్తి ఆయన్ను గెలిపించలేదు, ఎదుటివాడికి అంతకన్నా ఎక్కువే ఉంది. మా జేజినాయన లాంటివాళ్లు, అప్పున్న పెద్దమనిషి మాటను కాదని కాగితం వేరే పెట్టెలో వేయగలిగారు, ఎందుకంటే అంతకు ముందు పదేళ్లుగా ఆయన, ఆయన తోటివాళ్లు ఆ పల్లెల్లో తిరుగుతూనే ఉన్నారు. ఓటు ఒక్క రోజుది. తిరిగింది పదేళ్లు.

"అయితే పదేళ్లు ఆగమంటావా?" అన్నాడు.

ఆగమనలేదు. తిరగమన్నాను. ఈ వర్షాకాలం అయ్యేలోపు మండలంలో కౌలు రైతులందరి జాబితా చేయమని పని అప్పగించాం. పేరు, ఊరు, సర్వే నంబరు, ఎన్ని ఎకరాలు, కౌలు ఎంత, కార్డు ఉందా, లేకపోతే సంతకం దగ్గర ఆగిందా ఇంకెక్కడైనా ఆగిందా. యజమానుల పేర్లు జాబితాలో వద్దు, కౌలు రైతుకు చిక్కులొస్తాయి. జాబితా తయారైతే సంతకం నిబంధన తీసేయాలన్న సవరణను తెలిసిన వకీలు చేత కాగితం మీద రాయించి, ఇప్పుడున్న ఎమ్మెల్యే చేతికే ఇస్తాం. ఆయన సభలో పెడితే మంచిదే, మనకు ఆయనతో తగువు లేదు. పెట్టకపోతే ఎందుకు పెట్టలేదో ఊరూరా చెప్పుకుంటాం, అప్పుడు మన కుర్రవాడు ఏం మంచి చేస్తాడో ఎవరూ అడగక్కర్లేదు.

మిగతా మండలాల కమిటీలు కూడా ఇదే పని మొదలుపెట్టాలని కోరుతున్నాం. ఒక్క సంచిక నమూనా పత్రం చివరి పేజీలో వేశాం, చించుకుని వాడుకోవచ్చు. ఆగస్టు సమావేశానికి వచ్చేటప్పుడు ఎన్ని పేర్లు వస్తే అన్నే తీసుకురండి, పూర్తి కాలేదని ఆగొద్దు. తరిమెలకు జులై 28న పోవాలనుకునేవాళ్లు ఉదయం తొమ్మిదికల్లా సంఘం ఆఫీసు దగ్గరికి రండి, జీపులో ఇంకా నలుగురికి చోటుంది.